కాంటా మీద పోయిన అంకె

నాగార్జునసాగర్ ఎడమ కాలువ కింద వరి కోతలు ఊపందుకున్నాయంటే మిర్యాలగూడ మిల్లుల ముందు ట్రాక్టర్లు బారులు తీరతాయి. కోత మిషన్ దించిన వడ్లను ఎండబోయకుండా పచ్చిగానే ట్రాలీలో పోసుకొని రైతు మిల్లుకు తోలుకొస్తాడు. సన్నాలు ఎక్కువగా ఇలాగే అమ్ముడవుతాయి. పచ్చి వడ్లు రాత్రంతా ట్రాలీలో ఉంటే లోపల వేడెక్కుతాయి, రంగు మారుతుంది, ధర పడిపోతుంది. అందుకని అక్కడ కాంటా పది నిమిషాలు ఆగినా గేటు దగ్గర లొల్లి మొదలవుతుంది.

ఆ కాంటాల కంప్యూటర్లు చూసుకోవడం నా పని. సూర్యాపేటలో చిన్న షాపు ఉంది. అంతకుముందు హైదరాబాద్‌లో కొన్నేళ్లు డాట్‌నెట్ ప్రోగ్రామర్‌గా చేశాను. అమీర్‌పేటలో కోర్సు నేర్చుకొని ఉద్యోగాల్లో చేరిన వేలమందిలో నేనూ ఒకణ్ణి. 2020 లాక్‌డౌన్‌కి ఇంటికొచ్చినవాణ్ణి మళ్లీ వెళ్లలేదు. సూర్యాపేట దగ్గర హైవే మీద ఒక ధర్మకాంటా, కోదాడలో ఒక రైస్ మిల్లు, మిర్యాలగూడలో ఒక పెద్ద మిల్లు. మూడింటిలోనూ ఒకే కంపెనీ అమ్మిన తూకం సాఫ్ట్‌వేర్ నడుస్తుంది. దాన్ని నేను రాయలేదు, దాని సోర్స్ కోడ్ నా దగ్గర లేదు. ప్రింటర్, కేబుళ్లు, విండోస్, యూపీఎస్ వరకే నా బాధ్యత. కానీ తెర మీద ఏం వచ్చినా ఫోన్ మాత్రం నాకే వస్తుంది.

మిర్యాలగూడ మిల్లులో తూకం ఇలా జరిగేది. నిండు బండి కాంటా ఎక్కగానే ఇండికేటర్ నుంచి సీరియల్ కేబుల్ గుండా అంకె కంప్యూటర్‌లోకి వస్తుంది. ముందొకటి, వెనకొకటి ఉన్న కెమెరాలు ఫొటోలు తీస్తాయి. గేటు దగ్గర ఇచ్చిన టోకెన్ నంబరు కింద ఆ బరువు, ఫొటోలు దాచిపెడుతుంది. బండి లోపలికి పోయి గుంతలో వడ్లు పోసి ఖాళీగా తిరిగొస్తుంది. అప్పుడు రెండో తూకం. తేడా కట్టి చీటీ ప్రింటవుతుంది. మొదటి తూకానికి చీటీ ఉండదు. రెండు తూకాల మధ్య రైతు చేతిలో టోకెన్ తప్ప ఇంకో కాగితం ముక్క ఉండదు.

ఆ ఏడు వానాకాలం పంటకు కొత్త జబ్బు పట్టుకుంది. మధ్యాహ్నం దాటాక ప్రోగ్రామ్ మందగించేది. సాయంత్రానికి 'అవుట్ ఆఫ్ మెమరీ' అని ఎర్ర గుర్తుతో డబ్బా వచ్చేది. మూసి మళ్లీ తెరిస్తే బాగానే నడిచేది. సాఫ్ట్‌వేర్ కంపెనీకి ఫోన్ చేస్తే ర్యామ్ పెంచమన్నారు. మిల్లు యజమాని 4 జీబీకి ఇంకో 4 జీబీ కొని వేయించాడు. ఏమీ మారలేదు, మారదు కూడా. అది డాట్‌నెట్‌లో రాసిన 32 బిట్ ప్రోగ్రామ్. మెషిన్‌లో ఎంత ర్యామ్ ఉన్నా అలాంటి ప్రోగ్రామ్‌కు మామూలుగా విండోస్ ఇచ్చేది 2 జీబీ చిరునామాలే. ఆ మాట వాళ్లకు చెప్పాను. సీజన్ అయ్యాక చూద్దామన్నారు. సీజన్ అయ్యాక ఆ జబ్బు కనిపించదని వాళ్లకు తెలియదేమో అనుకున్నాను. బండ్లు తగ్గితే ఏ రోజూ 2 జీబీ నిండదు, రాత్రికి కంప్యూటర్ ఆర్పేస్తారు, పొద్దున మళ్లీ మొదటి నుంచి మొదలు.

నవంబరులో ముసురు పట్టిన ఒక సాయంత్రం ప్రింటర్ పని మీద ఆ మిల్లులోనే ఉన్నాను. నేరేడుచర్ల అవతలి ఊరి నుంచి ఒక పెద్దాయన, కొడుకు ట్రాక్టర్ తోలుకొచ్చారు. కాంటా ఎక్కారు. బయటి బోర్డు మీద అంకె పడింది. గుమాస్తా సేవ్ నొక్కాడు. డబ్బా వచ్చింది. అందులో రెండు బొత్తాలుంటాయి: ఒకటి ముందుకు పొమ్మని, రెండోది మూసెయ్యమని. ముందుకు పొమ్మన్నదే నొక్కడం గుమాస్తాకు అలవాటై ఉంది. డబ్బా పోయింది, బండి కదిలింది. తర్వాతి బండికీ అదే డబ్బా. ఈసారి ఎన్నిసార్లు నొక్కినా పోలేదు. మూసి తెరుద్దామని మౌస్ మీద చెయ్యి పెట్టేలోపు పెద్దాయన ట్రాక్టర్ ఖాళీ ట్రాలీతో వెనక్కి వచ్చింది. టోకెన్ నంబరు చెప్పారు. ఆ నంబరు మీద తూకమే లేదు.

ఫొటో భద్రపరిచే దగ్గర మెమరీ చాలక ఆగిపోయింది. బరువు డేటాబేస్‌లోకి వెళ్లేది ఆ తర్వాతి అడుగులో. వడ్లేమో గుంతలో పడి, అప్పటికే అంతకుముందు ట్రాలీల వడ్లతో కలిసిపోయాయి. మళ్లీ తూచే దారి లేదు.

"తొమ్మిది వేల రెండొందల నలభై. బోర్డు మీద నా కండ్లతోటి జూసిన," అన్నాడు పెద్దాయన.

"తొమ్మిది వేల నలభై. నాకు యాదికుంది," అన్నాడు గుమాస్తా.

తేడా రెండు క్వింటాళ్లు. ఆ రోజు ధరకు నాలుగు వేల పైమాటే. యజమాని వచ్చాడు, మంచి మనిషే, తగువు తెగ్గొట్టాలని చూశాడు. "సగం సగం చేద్దాం, చెరొక క్వింటా పోనియ్," అన్నాడు.

"నా వడ్లల్ల సగం ఏంది సేటు? ఉన్నయో లేవో చెప్పు," అన్నాడు పెద్దాయన. అరవలేదు. ట్రాక్టర్ దిగి వచ్చి కిటికీ ఊచలు పట్టుకొని నిలబడ్డాడు. వెనక బండ్లవాళ్లు హారన్లు మొదలుపెట్టారు.

నాకు అప్పుడొక ఆలోచన వచ్చింది. ప్రోగ్రామ్ ఇంకా మూయలేదు. ఆగిపోయిన ప్రోగ్రామ్‌లో ఆ అంకె ఉండొచ్చు. మూస్తే మాత్రం ఖాయంగా పోతుంది. "దాన్ని ముట్టుకోకండి," అన్నాను.

అలా అనడం తేలికే, తర్వాతిది కాదు. ప్రోగ్రామ్ మెమరీ మొత్తాన్ని ఒక ఫైలుగా దించుకోవాలి, డంప్ అంటారు. మైక్రోసాఫ్ట్ వాళ్ల ప్రాక్‌డంప్ అనే చిన్న పనిముట్టు నా పెన్‌డ్రైవ్‌లో ఎప్పుడూ ఉంటుంది. టాస్క్ మేనేజర్‌తోనూ తీయొచ్చు గానీ, 64 బిట్ విండోస్‌లో నడిచే 32 బిట్ ప్రోగ్రామ్‌ను మామూలు టాస్క్ మేనేజర్‌తో దించితే తర్వాత డీబగ్గర్‌లో తెరవడం ఒక నరకం. ప్రాక్‌డంప్‌తోనే మొదలుపెట్టాను. 1.7 జీబీ. పాత హార్డ్‌డిస్క్, ధూళి, ఊక పట్టి ఫ్యాను గురక పెడుతోంది. డంప్ రాస్తున్నంతసేపూ ప్రోగ్రామ్ స్తంభించి ఉంటుంది. కాంటా మీద ఒక బండి అలాగే నిలబడి ఉంది.

"ఎంతసేపు?" అన్నాడు యజమాని.

"పది నిమిషాలు."

పది నిమిషాలకు కాలేదు. నల్ల తెర మీద ఒక్క లైను తప్ప చూపించడానికి నా దగ్గర ఏమీ లేదు. ఊరికే కూర్చున్నట్టు కనిపిస్తాను. ఎవరో డ్రైవర్ తలుపు దగ్గరికొచ్చి చూసి, "మిషన్ల అంకెలు మారుస్తున్నడు," అని బయటికి కేకేశాడు. ఆ ఒక్క మాటకు గది ముందు జనం పోగయ్యారు. తేమ పేరుతో, తరుగు పేరుతో కోతలు చూసినవాళ్లు వాళ్లంతా. కాంటా గదిలో బయటివాడెవడో కంప్యూటర్ ముందు కూర్చుంటే అనుమానించక ఏం చేస్తారు? ఒకతను నా పెన్‌డ్రైవ్ లాగబోయాడు. హమాలీ మేస్త్రి అడ్డం వచ్చి అతన్ని బయటికి పంపాడు. సన్నగా చినుకు మొదలైంది, బండ్ల మీద పట్టాలు కప్పే హడావిడిలో సగంమంది వెళ్లారు. లేకపోతే ఏమయ్యేదో.

డంప్ అయ్యేలోపు ఒక పని చేయించాను. పెద్దాయనకు రాయడం రాదు. ఆయన చెప్పిన అంకె కొడుకుతో ఒక కాగితం మీద రాయించి వేలిముద్ర పెట్టించాను. గుమాస్తా తన అంకె రాసి సంతకం పెట్టాడు. రెండు కాగితాలూ మడిచి మేస్త్రి జేబులో పెట్టుకున్నాడు. లోపల అంకె దొరికితే దొరికిన దాన్ని బట్టి ఎవరూ మాట మార్చకూడదు, నేనైనా సరే.

డంప్ పూర్తయింది. ప్రోగ్రామ్ మూసి తెరిచారు, కాంటా నడిచింది, హారన్లు ఆగాయి. నేను వెనక గదిలో బస్తాల మీద ల్యాప్‌టాప్ పెట్టుకొని కూర్చున్నాను. పెద్దాయన గడప మీద కూర్చున్నాడు. ఇంటికి పొమ్మంటే పోలేదు.

విండ్‌బగ్ అనే డీబగ్గర్‌లో ఫైలు తెరిచి, డాట్‌నెట్ లోపలి సంగతులు చదివే ఎస్‌ఓఎస్ అనే పొడిగింపు లోడ్ చేశాను. సన్ ఆఫ్ స్ట్రైక్ అని దాని పూర్తి పేరు. డాట్‌నెట్ బయటికి రాకముందు మైక్రోసాఫ్ట్ లోపల స్ట్రైక్ అనే డీబగ్గర్ ఉండేది, ఇది దాని కొడుకన్నమాట. మొదటి ఆదేశానికే ఎదురు తిరిగింది. మిల్లు కంప్యూటర్‌లోని డాట్‌నెట్‌కూ నా ల్యాప్‌టాప్‌లోని డాట్‌నెట్‌కూ బిల్డ్ నంబరు కలవలేదు. డంప్ ఎక్కడ తీశామో అక్కడి ఎంఎస్‌కార్‌డాక్‌వర్క్స్ అనే ఫైలు ఉంటే గానీ లోపలి వస్తువులు కనపడవు. మళ్లీ కాంటా గదికి పోయి, రెండు బండ్ల మధ్య గుమాస్తాను బతిమాలి, ఫ్రేమ్‌వర్క్ ఫోల్డర్‌లోంచి ఆ ఫైలు కాపీ చేసుకొచ్చాను. అప్పుడు తెరుచుకుంది.

ఇక్కడ కొంచెం సాంకేతికం చెప్పక తప్పదు. డాట్‌నెట్‌లో, జావాలో వాడి వదిలేసిన మెమరీని ఊడ్చే పని ప్రోగ్రామర్‌ది కాదు. గార్బేజ్ కలెక్టర్ చూసుకుంటుంది. జాన్ మెకార్తీ లిస్ప్ భాష కోసం 1959 ప్రాంతంలో పెట్టిన పద్ధతి అది. ఒక వస్తువును ఎవరూ పట్టుకొని లేరని తేలితే దాని చోటు ఖాళీ అవుతుంది. కానీ కొన్ని వస్తువులు డాట్‌నెట్ బయట కూడా ఏదో ఒకటి పట్టుకొని ఉంటాయి: ఫొటో వెనక విండోస్ ఇచ్చిన మెమరీ, ఒక ఫైలు, ఒక కెమెరా. అలాంటివాటికి ఫైనలైజర్ అని ఒక చివరి పని రాసిపెడతారు. ఆ వస్తువు పుట్టగానే దాని పేరు ఒక జాబితాలోకి ఎక్కుతుంది. చెత్త అని తేలాక కూడా దాన్ని వెంటనే ఊడ్చరు. పేరును ఆ జాబితాలోంచి తీసి ఫైనలైజేషన్‌కు సిద్ధం అనే వరుసలో పెడతారు. ఆ వరుసలో ఉన్నంతకాలం అదీ, అది పట్టుకొని ఉన్నవన్నీ బతికే ఉంటాయి. ప్రోగ్రామ్ మొత్తానికి ఫైనలైజర్ థ్రెడ్ ఒక్కటే. అది వచ్చి ఒక్కొక్కదాని చివరి పని ముగించాలి. ఆ తర్వాతి ఊడ్పులో గానీ చోటు ఖాళీ కాదు.

హీప్‌లో, అంటే డాట్‌నెట్ వస్తువులు ఉండే చోట, ఏ రకం వస్తువులు ఎన్నున్నాయో చూశాను. డాట్‌నెట్ వైపు మెమరీ కొన్ని ఎంబీలే. ఫొటోలను పట్టుకునే బిట్‌మ్యాప్‌లు మాత్రం నాలుగు వందల పైన. హీప్‌లో ఒక్కో బిట్‌మ్యాప్ కొద్ది బైట్ల చిట్టి వస్తువు, కానీ దాని వెనక ఉన్న ఫొటో 1280 చుక్కల వెడల్పు, 960 చుక్కల ఎత్తు, చుక్కకు 3 బైట్లు. అంటే మూడున్నర ఎంబీ. ట్రాక్టర్‌కు రెండు తూకాలు, తూకానికి రెండు ఫొటోలు, అంటే బండికి 14 ఎంబీ. నూట ఇరవై ముప్ఫై బండ్లకు 2 జీబీ దగ్గరికి వస్తుంది. సీజన్‌లో సాయంత్రానికి అన్ని బండ్లు వస్తాయి. లెక్క సరిపోయింది.

ఒక బిట్‌మ్యాప్ చిరునామా తీసుకొని దీన్ని ఎవరు పట్టుకున్నారని జీసీరూట్ ఆదేశంతో అడిగాను. తెర, బొత్తాలు, జాబితాలు ఏవీ కావు. ఒక్కటే వేరు చూపించింది: ఫైనలైజర్ క్యూ. అప్పుడు ఫైనలైజ్‌క్యూ ఆదేశం ఇచ్చాను. మామూలు ప్రోగ్రామ్‌లో సిద్ధంగా ఉన్నవి సున్నా, లేదా పదో పదిహేనో కనిపిస్తాయి. ఇక్కడ వేలల్లో ఉన్నాయి. పొద్దున ప్రోగ్రామ్ తెరిచిన దగ్గర్నుంచి ఒక్కటీ తెమలలేదు.

గుమాస్తా టీ తెచ్చి పక్కనే నిలబడి చూస్తున్నాడు. ఏందన్నా ఇదంతా అంటే చెప్పాను: ఇవన్నీ పనైపోయినవే, తీసేయమని రాసి కూడా ఉంది, తీసేవాడు రావట్లేదు.

"అంటే ఐకేపీ సెంటర్‌ల కాంటా అయిన బస్తాలు లారీ రాక ఆగినట్టా?"

"సరిగ్గా అట్లనే. లారీ ఒక్కటే. అది ఎక్కడో ఇరుక్కున్నది."

"మరి లారీ రాకుంటే బస్తాలు ఆడనే ఉంటయి గదా," అన్నాడు. ఆ మాటతో నేను వెతకాల్సింది ఎక్కడో తెలిసిపోయింది. క్యూలోని రకాల పట్టిక కిందికి జరిపితే బిట్‌మ్యాప్‌ల పక్కనే తూకం రికార్డు అనే క్లాసు కనిపించింది. ఉత్త అంకెలు దాచుకునే వస్తువుకు ఫైనలైజర్ అక్కర్లేదు. సీ షార్ప్‌లో క్లాసు పేరు ముందు ఒక వంకర గీత పెడితే ఫైనలైజర్ అయిపోతుంది. సీ ప్లస్ ప్లస్ అలవాటున్నవాళ్లు చాలామంది దాన్ని అక్కడి డిస్ట్రక్టర్ అనుకొని పెట్టేస్తారు. ఆ సాఫ్ట్‌వేర్ రాసినవారెవరో పెట్టారు. దానివల్ల ఆ రోజు పొద్దుటి నుంచి తూచిన ప్రతి బండి రికార్డూ చెత్త అయ్యాక కూడా ఆ వరుసలో నిలిచి ఉంది. ఫైనలైజర్ థ్రెడ్ ఆరోగ్యంగా ఉంటే ఎప్పుడో మాయమయ్యేవి.

రికార్డులన్నిటినీ ఒక్కొక్కటిగా విప్పేలా చిన్న లూప్ రాసి, టోకెన్ నంబరు వెతికాను. దొరికింది. టోకెన్, తేదీ, వాహనం నంబరుకు ఒక చిరునామా, ఆ చిరునామా విప్పితే ఆయన ట్రాక్టర్ నంబరు. కింద నిండు బరువు అనే గడిలో 9240.000000. ఖాళీ బరువు గడిలో సున్నాలు.

నేను నోరు విప్పలేదు. మేస్త్రిని, యజమానిని పిలిపించాను. మేస్త్రి జేబులోంచి కాగితాలు తీసి దీపం కింద విప్పాడు. ఒకటి 9240, ఒకటి 9040. అప్పుడు ల్యాప్‌టాప్ అందరి వైపు తిప్పాను. తెర నిండా అర్థంకాని అక్షరాలు. వాటి మధ్య ఆ ఒక్క అంకె మీద వేలు పెట్టి చూపించాను. కొడుకు వంగి చదివి నాన్నకు చెప్పాడు.

"ఇది నువ్వు కొట్టింది కాదని ఏంది గ్యారంటీ?" అన్నాడు తలుపు దగ్గర నిలబడ్డ ఇంకొకాయన. న్యాయమైన ప్రశ్నే. అందుకే పైకి జరిపి, అదే రోజు తూచి చీటీలు ప్రింటైన టోకెన్లు కొన్ని చూపించాను. ఆఫీసులో ఉన్న కార్బన్ చీటీలతో సరిపోల్చుకున్నారు. అన్నీ కలిశాయి. అలా చూస్తుండగానే ఇంకో సంగతి బయటపడింది. పెద్దాయనకు ముందు ఎక్కిన బండి నిండు బరువు 9040. గుమాస్తా అబద్ధమాడలేదు. రెండు బండ్లు వెంట వెంట వచ్చాయి, ముందు బండి అంకె ఆయన తలలో ఉండిపోయింది. ఆ మాట చెప్పాక గుమాస్తా ముఖం చూశాను. రెండు గంటల నుంచి దొంగలా నిలబడ్డ మనిషి కుర్చీలో కూలబడ్డాడు.

ఖాళీ బండి 3780 వచ్చింది. యజమాని 54 క్వింటాళ్ల 60 కిలోలకు చీటీ రాయించాడు. పెద్దాయన చీటీ మడిచి లోపలి జేబులో పెట్టుకున్నాడు. బాగుంది అనలేదు, దండం పెట్టలేదు. "మరి ఇంతకుముందు ఇట్ల ఆగినప్పుడు ఎంతమందివి పోయినయ్ బిడ్డా?" అని అడిగాడు.

దానికి నా దగ్గర జవాబు లేదు. తర్వాత గేటు రిజిస్టరులోని టోకెన్లకూ కాంటా రికార్డులకూ పోలిక వేసి చూస్తే అక్కడక్కడా ఖాళీలు కనిపించాయి. ఆ రోజుల్లో గుర్తున్న అంకె వేసి చేత్తో చీటీ రాశారు. ఆ అంకెలు ఎవరి వైపు మొగ్గాయో ఎవరూ తేల్చలేరు. ప్రోగ్రామ్ మూసిన ప్రతిసారీ సాక్ష్యం కూడా మూతపడింది. తూనికలు, కొలతల శాఖ ముద్ర వేసేది కాంటాకు, ఇండికేటర్‌కు. అంకె కేబుల్ దాటి కంప్యూటర్‌లోకి వెళ్లాక ఏమవుతుందో ఆ ముద్ర చెప్పదు.

ఇక లారీ ఎక్కడ ఇరుక్కుందన్నది మిగిలింది. ఆ రాత్రే చూశాను, నిద్ర ఎలాగూ పట్టదు. థ్రెడ్ల జాబితాలో ఒకదాని చివర ఫైనలైజర్ అని రాసి ఉంటుంది. అందులోకి వెళ్లి స్టాక్, అంటే ఆ థ్రెడ్ ఏ పని మధ్యలో ఉందో చూపే వరుస, చూస్తే పేర్లు రాలేదు, ఉత్త చిరునామాలు. పేర్లు మైక్రోసాఫ్ట్ సింబల్ సర్వర్ నుంచి దిగాలి. ఫోన్ హాట్‌స్పాట్ పెట్టాను. సిగ్నల్ కోసం ఫోన్‌ను కిటికీ ఊచకు గుడ్డతో కట్టాల్సి వచ్చింది. తెల్లవారుజామున పేర్లు దిగాయి. స్టాక్ పై భాగంలో గెట్ టు ఎస్‌టీఏ అన్న పేరు కనిపించగానే అర్థమైంది. ఈ పేరు ఫైనలైజర్ థ్రెడ్ మీద చూసినవాళ్లు దాన్ని మరిచిపోరు.

సంగతి ఇది. కెమెరాతో మాట్లాడే ముక్క పాతకాలం కామ్ పద్ధతిలో చేసింది. అలాంటి వస్తువులు ఏ థ్రెడ్‌లో పుడితే ఆ థ్రెడ్‌కే కట్టుబడి ఉంటాయి. వాటిని వదిలించుకోవాలన్నా ఫైనలైజర్ థ్రెడ్ సొంతంగా వదిలించలేదు. ఆ థ్రెడ్‌కు ఒక సందేశం పంపి, అది స్పందించేదాకా కాచుకోవాలి. పాత వెర్షన్‌లో కెమెరా పని తెరను నడిపే ముఖ్య థ్రెడ్‌లోనే జరిగేది. అది ఎప్పుడూ సందేశాలు చూస్తూ ఉంటుంది కాబట్టి ఇబ్బంది రాలేదు. ఫొటో తీసేటప్పుడు తెర కాసేపు బిగుసుకుపోతోందని కొత్త వెర్షన్‌లో ఆ పనిని వేరే థ్రెడ్‌కు మార్చారు. ఆ థ్రెడ్ ఒక ఫొటో తీసి, థ్రెడ్ స్లీప్ అని పడుకుంటుంది, లేస్తుంది, మళ్లీ పడుకుంటుంది. డాట్‌నెట్‌లో స్లీప్‌లో ఉన్న థ్రెడ్ సందేశాలు చూడదు. ఫైనలైజర్ ఆ రోజు మొదటి ఫొటో కోసం తలుపు తట్టి, అక్కడే నిలబడిపోయింది. దాని వెనక మిగతావన్నీ. బిట్‌మ్యాప్‌లకు పని కాగానే మెమరీ వదిలించే డిస్పోజ్ పిలిచి ఉంటే కనీసం ఫొటోల బరువైనా పడేది కాదు, అదీ పిలవలేదు.

ఇది ఈ ఒక్క కంపెనీ అజ్ఞానం అనలేను. హాన్స్ బోమ్ అనే ఆయన ఫైనలైజర్ల చిక్కుల మీద 2003లోనే పెద్ద పేపర్ రాశాడు. జావా వాళ్లు తమ ఫైనలైజ్ పద్ధతిని 2017లో జావా 9 దగ్గర వాడొద్దన్నారు, 2022లో జావా 18 దగ్గర మున్ముందు తీసేస్తామన్నారు. అయినా ప్రపంచంలో ఇప్పటికీ నడుస్తున్న పాత ప్రోగ్రామ్‌లు ఎన్నో.

మర్నాడు తిరుగు దారిలో హుజూర్‌నగర్ మీదుగా కోదాడ వెళ్లి అక్కడి మిల్లులోనూ డంప్ తీశాను. క్యూలో అదే బారు, ఫైనలైజర్ అదే చోట. కానీ అక్కడ ఒకే కెమెరా, అదీ 640కి 480ది, ఫొటోకు ఒక ఎంబీ కూడా రాదు. రాత్రికి ఆర్పేసేలోపు 2 జీబీ ఎన్నడూ నిండలేదు, అందుకే ఫోన్ రాలేదు. సూర్యాపేట ధర్మకాంటాలో కెమెరాలే లేవు. క్యూ ఖాళీ. మూడు డంపులూ పక్కపక్కన పెట్టుకున్నాక నాకు సందేహం మిగల్లేదు.

మూడింటి స్టాకులూ తీసి కంపెనీకి పంపాను. మొదట ఫోన్ ఎత్తిన ఆయన మళ్లీ ర్యామ్ మాటే ఎత్తాడు. పట్టు వదలకపోతే ఎవరో కుర్రవాడికి కలిపారు. అతనికి స్టాక్ చదవడం వచ్చు. స్లీప్ బదులు అదే థ్రెడ్ మీద జాయిన్ పిలిస్తే ఆగుతూనే సందేశాలు చూస్తుందని చెప్పాను. తనకు తెలుసన్నాడు, ఆ లూప్ ఎవరు రాశారో కూడా తెలుసన్నాడు. సరిచేసిన వెర్షన్ సీజన్ తోక చివర వచ్చింది. అప్పటిదాకా మధ్యాహ్నం భోజనానికి, సాయంత్రం టీకి కాంటా ఆపి ప్రోగ్రామ్ మూసి తెరిచే ఏర్పాటు చేశాం. మూసే ముందు లోపల ఉన్న బండ్లన్నీ బయటికొచ్చి రెండో తూకం అయ్యేదాకా ఆగాలని గుమాస్తా తనంతట తానే రూలు పెట్టుకున్నాడు.

మిర్యాలగూడ మిల్లులో ఇప్పుడు నిండు బండి తూచగానే ఒక చిన్న చీటీ ఇస్తున్నారు. కంపెనీ చేసింది కాదు. ప్రింటర్‌ను ఇండికేటర్‌కు నేరుగా తగిలించి నేనే పెట్టాను. కంప్యూటర్ చచ్చినా చీటీ వస్తుంది. కోదాడ మిల్లులోనూ పెడతానన్నాను. ఏటా పేపర్ రోళ్లకు ఎంతవుతుందో లెక్క రాసిమ్మన్నారు. రాసిచ్చాను, ఇంకా చూస్తున్నామంటున్నారు.